పద్య నాటకం ఫోన్‌లోకి: దింపుకోవడం, దాచడం, పంచడం

పద్య నాటకాల రికార్డింగులు ఇప్పుడు మూడు రకాలుగా అందుతున్నాయి. నెట్ ఉన్నంతసేపే వినిపించేవి కొన్ని. ఏదో ఒక యాప్‌లోకి దిగి, ఆ యాప్ దాటి బయటికి రానివి కొన్ని. మామూలు ఫైలుగా చేతికొచ్చి, ఏ ఫోన్‌లోనైనా, ఏ మెమరీ కార్డులోనైనా వేసుకోగలిగేవి ఇంకొన్ని. విశాఖపట్నంలో కూర్చుని వినేవాళ్లకు ఈ మూడింటి తేడా పెద్దగా తెలియదు. ఘాట్ రోడ్డెక్కి, అరకు దాటి, ముంచంగిపుట్టు, పెదబయలు వైపు వెళ్లేకొద్దీ తెలిసొస్తుంది. 2023 జూన్‌లో రాష్ట్రంలో ఒకేసారి ప్రారంభించిన 100 జియో టవర్లలో 85 అల్లూరి సీతారామరాజు జిల్లాలోవే. అయినా కొండ అడ్డొస్తే సిగ్నల్ అందని గూడేలు ఉన్నాయి. అలాంటి చోట పనికొచ్చేది మూడో రకమే. మండల కేంద్రంలోనో సంతలోనో ఒకసారి ఎక్కించుకుంటే, ఊళ్లో ఫోన్ నుంచి ఫోన్‌కు పంచుకోవచ్చు.

ఇలా చేతులు మారే ఫైలు ఒంటరిగా వెళ్తుంది. యూట్యూబ్‌లో వీడియో కింద రాసిన వివరాలు గానీ, క్యాసెట్ అట్ట మీది పేర్లు గానీ దాని వెంట రావు. ముగ్గురి ఫోన్లు తిరిగేసరికి ‘ఆడియో 0047’ అన్న పేరొక్కటే మిగులుతుంది. మరి పాడినవాళ్లెవరు? పద్య నాటకంలో ఈ ప్రశ్నకు జవాబు చెప్పడం మరీ కష్టం. ఒకే రాత్రి, ఒకే నాటకంలో మొదటి కృష్ణుడు ఒకరు, రెండో కృష్ణుడు ఇంకొకరు. హరిశ్చంద్రుల సంగతీ అంతే. ‘కృష్ణ రాయబారం’ అని ఒక్క ముక్క రాసి వదిలేస్తే, ఏ పద్యం ఎవరి గొంతో చెప్పగలిగేవాళ్లు పదేళ్ల తర్వాత దొరకరు. అందుకే మిగతా జాగ్రత్తలన్నీ దీని తర్వాతే: ఎవరు పాడారో, ఎప్పుడు పాడారో, ఎవరి అనుమతి ఉందో ఫైలే చెప్పగలగాలి.

గ్రామఫోన్ కాలంలో ఈ ఇబ్బంది తక్కువ. 78 ఆర్‌పీఎం రికార్డు ఒక వైపు సుమారు 3 నిమిషాలు నడిచేది. ఒక పద్యం, దాని రాగం, అంతే పట్టేది. మధ్యలో అంటించిన లేబుల్ మీద పేర్లు అచ్చయి ఉండేవి. స్థానం నరసింహారావు, కపిలవాయి రామనాథశాస్త్రి లాంటి వారి గొంతులు వాళ్ల నాటకం ఎన్నడూ చూడని ఊళ్లకు చేరింది ఆ రికార్డుల మీదే. తర్వాత క్యాసెట్ వచ్చింది. సి-90 క్యాసెట్‌కు ఒక వైపు 45 నిమిషాలు కాబట్టి సీన్లకు సీన్లు ఒకే బిగిన ఎక్కాయి. ఫైలుకు ఆ హద్దు కూడా లేదు. హద్దు లేదు కదా అని మూడు గంటల నాటకాన్ని ఒకే ఫైలుగా పెట్టడం అన్నిటికంటే చెడ్డ అలవాటు. కావలసిన పద్యం దొరకదు. సిగ్నల్ మధ్యలో పోతే దింపుకోవడం చాలాసార్లు మళ్లీ మొదటికొస్తుంది. బటన్ ఫోన్‌లో ముందుకు జరుపుకోవాలంటే ప్రాణం విసుగెత్తుతుంది. పద్యానికో ఫైలు, కాకపోతే సీనుకో ఫైలు చేయడమే మేలు.

దింపుకునే ముందు: ఇది ఎవరిది?

నెట్‌లో ఉంది కదా, అందరిదీ అనుకోవచ్చా? అనుకోకూడదు. ఒక నాటక రికార్డులో మూడు హక్కులు పొరలు పొరలుగా ఉంటాయి. రాసినవారిది ఒకటి, పాడినవారిది ఒకటి, రికార్డు చేసి విడుదల చేసినవారిది మరొకటి. ఒక పొర గడువు తీరినంత మాత్రాన మిగతా రెండూ తీరినట్టు కాదు.

1957 కాపీరైట్ చట్టం ప్రకారం రచన మీద హక్కు రచయిత మరణించిన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు ఉంటుంది. ఇద్దరు కలిసి రాస్తే చివరగా మరణించినవారిని బట్టి లెక్క. తిరుపతి వేంకట కవుల్లో చెళ్లపిళ్ల వేంకటశాస్త్రి 1950లో కన్నుమూశారు కాబట్టి పాండవోద్యోగ విజయాలు 2011 నుంచి అందరివీ అయ్యాయి. బలిజేపల్లి లక్ష్మీకాంతం 1953లో పోయారు, ఆయన హరిశ్చంద్ర నాటకం 2014 నుంచి స్వేచ్ఛగా ఆడుకోవచ్చు, అచ్చు వేసుకోవచ్చు.

చాలామంది పొరబడేది కాటి సీను దగ్గర. ఆ సీనులో హరిశ్చంద్రుడు పాడే పద్యాల్లో గుర్రం జాషువా శ్మశాన పద్యాలు ఏనాడో కలిసిపోయాయి. జనం వన్స్‌మోర్ కొట్టేది ఎక్కువగా వాటికే. జాషువా 1971లో మరణించారు. ఆ పద్యాల మీద హక్కు 2031 డిసెంబర్ 31 వరకు ఉంటుంది. నాటకం స్వేచ్ఛగా ఉన్నా అందులో చేరిన పద్యం స్వేచ్ఛగా లేదు. రికార్డు విడుదల చేయాలనుకునే నాటక సమాజం కాటి సీనును విడిగా చూసుకోక తప్పదు.

రికార్డింగు మీద హక్కు విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. 1965లో విడుదలైన రికార్డుకు అది 2025 డిసెంబర్ 31 వరకే. 1985లో వచ్చిన క్యాసెట్‌కు మాత్రం 2045 చివరిదాకా ఉంటుంది. హెచ్ఎంవీ పేరుతో వచ్చినవాటిని ఇప్పుడు సారెగామా చూసుకుంటోంది. ఇక కళాకారుల హక్కు ప్రదర్శన జరిగిన మరుసటి ఏడాది నుంచి 50 ఏళ్లు. 2012 సవరణ తర్వాత, వాళ్ల ప్రదర్శన మీద వ్యాపారం జరిగితే రాబడిలో వాటా, పాడినవారిగా పేరు చెప్పించుకునే హక్కు కూడా చట్టంలో ఉన్నాయి. పేరు లేని ఫైలు పంచడం మర్యాద తప్పడం మాత్రమే కాదు, ఒకరి హక్కును తీసేయడం.

సొంతంగా వినడానికి, చదువుకోవడానికి చట్టంలో కొంత వెసులుబాటు ఉంది. కార్డుల్లో ఎక్కించి అమ్మడానికి, సొంత చానల్లో పెట్టుకోవడానికి అది వర్తించదు. ఇంటర్నెట్ ఆర్కైవ్ లాంటి చోట్ల ఎవరైనా ఏదైనా ఎక్కించవచ్చు కనుక, అక్కడ దొరికిందన్న మాటకు అనుమతి ఉందన్న అర్థం లేదు. విడుదలైన ఏడాది చూడాలి. ఏడాది తెలియకపోతే వినడం వరకే ఆగాలి.

దింపుకోవడం

1. యాప్‌లోకి దిగిందా, ఫైలుగా దిగిందా చూసుకోవాలి. రెండింటినీ ‘డౌన్‌లోడ్’ అనే అంటారు, పని మాత్రం వేరు. ఒక కుర్రవాడు అరకులో ఉన్నప్పుడు తండ్రి కోసం స్పాటిఫైలో నలభై పద్యాలు దింపి, సిగ్నల్ లేని ఊరికి ఆ ఫోన్ పంపాడనుకుందాం. కాఫీ పళ్ల కోత రోజుల్లో సాయంత్రం పూట తండ్రి హాయిగా వింటాడు. నెల దాటేసరికి ఒక్కటీ మోగదు. ఆ యాప్ 30 రోజులకు ఒకసారైనా నెట్‌కు తగలాలి, లేదంటే దిగినవన్నీ ఆగిపోతాయి. యూట్యూబ్ యాప్‌లో దాచుకున్నవీ ఆ యాప్ దాటి బయటికి రావు. కొండ మీది ఊరికి కావలసింది కొనుక్కున్న, లేదా హక్కుదారు స్వయంగా ఇచ్చిన ఎమ్‌పీ3 ఫైలు.

2. సైజు ముందే లెక్క వేసుకోవాలి. మూడు గంటల నాటకం కుదించని వేవ్ ఫైలుగా దాదాపు 1.9 జీబీ. అదే 128 కిలోబిట్ల ఎమ్‌పీ3 అయితే 170 ఎంబీ చుట్టూ. 64 కిలోబిట్ల మోనోలో 85 ఎంబీ. హార్మోనియం, తబలా, ఒక గొంతు ఉన్న పద్యానికి 128 సరిపోతుంది. 64లో మాటలు బాగానే ఉంటాయి, పై స్థాయిలో రాగం తీసేటప్పుడు మాత్రం గొంతు గరగరమంటుంది. ఐదు నిమిషాల పద్యం 128లో 5 ఎంబీ లోపే. ఆ లెక్కన 32 జీబీ కార్డులో 150కి పైగా నాటకాలు పడతాయి. కాబట్టి కార్డులో చోటు కోసం నాణ్యత తగ్గించాల్సిన పనే లేదు.

3. దిగిన ప్రతి ఫైలు చివరి అర నిమిషం విని చూడాలి. సగంలో తెగిన ఫైలు మొదట్లో బాగానే మోగుతుంది. తెగిందని ఇంటికెళ్లాక తెలిస్తే ఇంకో సంత దాకా ఆగాలి.

4. ఫైలు పేరు ఇంగ్లీషు అక్షరాల్లో, ముందు అంకెతో ఉండాలి. తెలుగు అక్షరాలను చాలా బటన్ ఫోన్లు గళ్లుగా చూపిస్తాయి. 01, 02 అని ముందు రాయకపోతే పద్యాలు అక్షర క్రమంలో వరుస తప్పి, యుద్ధం అయ్యాక రాయబారం వినాల్సి వస్తుంది. పేరులో నాటకం, సీను, పాడినవారు, ఏడాది ఉంటే చాలు.

5. ఫ్లాక్, ఓపస్ లాంటి రకాలు చిన్న ఫోన్లలో సాధారణంగా మోగవు. దాచుకునే ప్రతి ఏ రకమైనా కావచ్చు, పంచే ప్రతి మాత్రం ఎమ్‌పీ3గానే ఉండాలి.

పాత క్యాసెట్లు, రికార్డులు

కొండ ప్రాంతంలో తేమ ఎక్కువ. ఏళ్ల తరబడి ట్రంకు పెట్టెలో ఉన్న క్యాసెట్ టేపు అంచున తెల్లగా బూజు కనిపిస్తే దాన్ని ప్లేయర్లో వేయకూడదు. బూజు హెడ్డుకు అంటుకుని తర్వాత వేసిన ప్రతి క్యాసెట్‌నూ పాడు చేస్తుంది. అలాంటిదాన్ని తెలిసినవాళ్ల చేతికివ్వడమే మంచిది. బూజు లేని క్యాసెట్‌ను ముందు ఒకసారి చివరిదాకా తిప్పి, వెనక్కి తిప్పి, అప్పుడు మోగించాలి. ఏళ్లుగా ఒకదానికొకటి అతుక్కున్న చుట్లు వదులవుతాయి. వెనక అంచున ఉన్న రెండు చిన్న ప్లాస్టిక్ పలకలు విరిచేస్తే పొరపాటున దాని మీద వేరేది రికార్డయ్యే ప్రమాదం ఉండదు.

ప్లేయర్ హెడ్డును దూదితో, ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో తుడవాలి. అదే సీసా పట్టుకుని 78 రికార్డు మీదికి వెళ్లకూడదు. ఆ రికార్డులు లక్కతో చేసినవి. లక్క ఆల్కహాల్‌లో కరుగుతుంది. ఒక్కసారి తుడిస్తే గాడి మసకబారి, గొంతు శాశ్వతంగా పోతుంది. వాటిని మెత్తటి బ్రష్షుతో దుమ్ము దులిపి, లేబుల్ తడవకుండా కొద్దిపాటి నీళ్లతో శుభ్రం చేయాలి. సూది కూడా 78 కోసం చేసిన వెడల్పాటిదే కావాలి. లాంగ్‌ప్లే రికార్డుల సన్న సూది గాడి అడుగున పడి చప్పుడు పెంచుతుంది.

ప్లేయర్ లైన్ ఔట్ నుంచి కంప్యూటర్‌కు తీగ కలిపి, ఉచితంగా దొరికే ఆడాసిటీ లాంటి సాఫ్ట్‌వేర్‌తో వేవ్ ఫైలుగా ఎక్కించుకోవాలి. స్పీకర్ ముందు ఫోన్ పెట్టి తీసింది చివరి ఉపాయం మాత్రమే. చప్పుడు తగ్గించే మీట ఉంది కదా అని గట్టిగా వాడితే హార్మోనియం శ్రుతి, గొంతు చివర ఊపిరి కూడా దాంతోపాటే పోతాయి. ముట్టుకోని నకలు ఒకటి పక్కన పెట్టి, శుభ్రం చేసింది వేరేగా ఉంచాలి. క్యాసెట్ అట్టకూ, రికార్డు లేబుల్‌కూ అదే రోజు ఫొటో తీసి అదే ఫోల్డర్‌లో వేయాలి. ఆ ఫొటో లేకపోతే సగం విలువ పోయినట్టే.

సొంత నాటకం రికార్డు చేయడం

ఊరి పండగకు నాటకం ఆడించే సమాజాలు ఈ పని ఇప్పుడు తక్కువ ఖర్చుతో చేసుకోవచ్చు. సౌండ్ సిస్టం మిక్సర్ నుంచి ఒక రికార్డర్‌కు తీగ ఇవ్వాలి, జనం మధ్యలో ఇంకొకటి పెట్టాలి. మొదటిదాంట్లో పద్యం స్పష్టంగా ఉంటుంది. రెండోదాంట్లో చప్పట్లు, వన్స్‌మోర్లు ఉంటాయి. రెండూ కలిస్తేనే నాటకం. ఒకటే ఫోన్ ఉంటే అది హార్మోనియం పక్కన ఉండకూడదు. హార్మోనిస్టు దగ్గర చోటు ఖాళీగా కనిపిస్తుంది కాబట్టి అందరూ అక్కడే పెడతారు, తర్వాత పద్యమంతా వాద్యం కింద నలిగిపోతుంది. ఫోన్ ఫ్లైట్ మోడ్‌లో ఉండాలి, లేకపోతే ఎవరిదో కాల్ వచ్చి కాటి సీను మధ్యలో ఆగుతుంది.

శబ్దం స్థాయి పెట్టాల్సింది మాటలప్పుడు కాదు. ముందురోజు రిహార్సల్లో నటుడి చేత ఎత్తైన పద్యం ఒకటి పాడించి, దానికి మీటర్ ఎర్ర గీత తాకకుండా, 12 డెసిబెల్స్ కింద నిలిచేలా పెట్టాలి. మెల్లగా పడినదాన్ని తర్వాత పెంచుకోవచ్చు, పగిలిన గొంతును అతికించలేం. రాత్రంతా నడిచే ప్రదర్శన అయితే చాలా రికార్డర్లు 2 జీబీ లేదా 4 జీబీ దాటగానే ఫైలును తెంపి కొత్తది మొదలుపెడతాయి. ఆ ముక్కల వరుస తెల్లారగానే రాసిపెట్టుకోవాలి.

కొండ ఊళ్ల ధింసా నృత్యపు పాటలకు, సరిహద్దు అవతల కోరాపుట్ జిల్లాలో ఆడే దేశియా నాట్ అనే నాటకానికి లెక్క వేరు. డప్పు, కొమ్ము, మోరి గొంతును మింగేస్తాయి. అక్కడ మైకు పాడేవాళ్ల వైపు తిరిగి, డప్పులకు వీలైనంత దూరంగా ఉండాలి. ఇంకో ముఖ్యమైన మాట. పూజకు సంబంధించిన పాట బయటివాళ్లు వినవచ్చా లేదా అన్నది ఊరి పెద్దలు, పాడేవాళ్లు తేల్చాల్సిన విషయం. ముందు అడగాలి. వద్దంటే ఆపేయాలి. పర్యాటకుల ఫోన్లలోంచి పేరూ ఊరూ లేకుండా బయటికెళ్లిన ధింసా వీడియోలు ఇప్పటికే లెక్కలేనన్ని ఉన్నాయి, వాటి సంఖ్య పెంచడం వల్ల ఆ ఊళ్లకు ఒరిగేదేమీ లేదు.

పేర్ల సంగతికి తిరుగులేని ఉపాయం ఒకటుంది. ప్రతి ఫైలు మొదట్లో పది సెకన్లు గొంతుతోనే వివరం చెప్పించాలి: “శ్రీకృష్ణ రాయబారం, పడక సీను. రెండో కృష్ణుడు ఫలానా. అర్జునుడు ఫలానా. హార్మోనియం ఫలానా. డుంబ్రిగుడ మండలం, ఫలానా ఊరు. ఫలానా తేదీ. కళాకారుల అనుమతితో.” ఫైలు పేరు ఎవరైనా మార్చేయవచ్చు, లోపల రాసిన ట్యాగులు బటన్ ఫోన్‌లో కనిపించకపోవచ్చు. ఈ పది సెకన్లు మాత్రం ఎన్ని చేతులు మారినా పోవు. చదువు రానివాళ్లకూ అర్థమవుతుంది. వినేవాళ్లు ఆదివాసీ ఒడియా, కువి మాట్లాడేవాళ్లయితే ఆ భాషలోనూ ఒకసారి చెప్పించడం మంచిది. ఆకాశవాణి నాటకాలకు ముందు పాత్రధారుల పేర్లు చదివేవారు కాబట్టే ఆ తరం శ్రోతలకు కనిపించని నటులు కూడా పేరు పేరునా తెలుసు.

పంచడం

కొండ ఊళ్లలో ముందు కార్డు, తర్వాతే నెట్. సంతలో పాటలు ఎక్కించే దుకాణానికి సమాజమే తన ఫైళ్లు, తన షరతులతో ఇవ్వవచ్చు. కార్డు మీద సమాజం పేరు, యూపీఐ క్యూఆర్ చీటీ అంటించి ఇస్తే, నచ్చినవాళ్లు సిగ్నల్ ఉన్న చోటికి వచ్చాక ఎంతో కొంత పంపుతారు. ఊళ్లో ఫోన్ నుంచి ఫోన్‌కు పంపడానికి బ్లూటూత్ పనిచేస్తుంది గానీ 100 ఎంబీకి దాదాపు పది నిమిషాలు పట్టవచ్చు. ఆండ్రాయిడ్ ఫోన్లలో ఉండే క్విక్ షేర్ దానికంటే ఎన్నో రెట్లు వేగం, నెట్ అక్కర్లేదు. వాట్సాప్‌లో పంపితే ‘డాక్యుమెంట్’గా పంపాలి. అప్పుడే ఫైలు పేరు చెడకుండా వెళ్తుంది.

యూట్యూబ్‌లో 15 నిమిషాలు దాటిన వీడియో పెట్టాలంటే ఫోన్ నంబరుతో ఖాతా ధ్రువీకరించుకోవాలి. ప్రకటనల ఆదాయానికి 1,000 మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4,000 గంటల వీక్షణ ఉండాలి. కొత్త చానల్‌కు ఇది ఆలస్యంగా వచ్చే డబ్బు. మొదటి ఏడాది దాని మీద ఆశ పెట్టుకోకపోవడమే నయం. ఆలోపు చానల్‌ను దెబ్బతీసేది ఎక్కువగా సినిమా వరుసే. సీన్ల మధ్య విరామంలో హార్మోనిస్టు సరదాగా వాయించిన సినిమా పాటను కంటెంట్ ఐడీ పట్టుకుంటుంది, మొత్తం నాటకం ఆదాయం వేరేవాళ్లకు వెళ్లవచ్చు. ఆ ముక్కను ఎక్కించే ముందే కోసేయాలి. అందరిదీ అయిన పద్యం మీద ఎవరైనా పొరపాటున హక్కు చెప్పుకుంటే అభ్యంతరం పెట్టవచ్చు. అవతలివాళ్లకు జవాబివ్వడానికి 30 రోజులు గడువు ఉంటుంది. అప్పుడు రచయిత మరణించిన ఏడాది, రికార్డు చేసిన తేదీ, కళాకారుల సంతకాలు చేతిలో ఉంటే భయపడాల్సింది లేదు.

స్పాటిఫై లాంటి వేదికల్లోకి నేరుగా వెళ్లే దారి లేదు, మధ్యలో ఒక డిస్ట్రిబ్యూటర్ కావాలి. కొందరు ఏడాదికింత అని తీసుకుంటారు, కొందరు రాబడిలో వాటా తీసుకుంటారు. ఏడాది రుసుము కట్టడం ఆపేస్తే నాటకం వేదిక మీంచి దిగిపోతుందా? ఈ ప్రశ్న అడగకుండా సంతకం చేయకూడదు. ప్రతి ట్రాకుకూ ఐఎస్‌ఆర్‌సీ అనే గుర్తింపు సంఖ్య ఉంటుంది, మన దేశంలో దాన్ని ఇండియన్ మ్యూజిక్ ఇండస్ట్రీ ఇస్తుంది. డిస్ట్రిబ్యూటర్ మారినా ఆ సంఖ్య మారకూడదు కాబట్టి సమాజమే రాసి ఉంచుకోవాలి. స్పాటిఫైలో 30 సెకన్లు విన్నాకే ఒక వినికిడిగా లెక్క. గడిచిన 12 నెలల్లో 1,000 వినికిళ్లు లేని ట్రాకుకు డబ్బు రాదు. ప్రాచుర్యం ఉన్న పది పద్యాలను విడి ట్రాకులుగా పెట్టి, మిగతా నాటకాన్ని సీన్లుగా పెట్టడం ఈ లెక్కకు కుదురుతుంది. గొంతుతో చెప్పించిన పది సెకన్ల వివరాన్ని ఇక్కడ పద్యం చివరికి మార్చుకోవచ్చు.

ఉచితంగా ఆడిన నాటకానికి అనుమతులు అక్కర్లేదు కదా అన్న వాదన తరచూ వినిపిస్తుంది. టిక్కెట్ లేని జనం ముందు ఔత్సాహిక సమాజం ఆడితే చట్టం మినహాయింపు ఇచ్చిన మాట నిజం. ఆ మినహాయింపు ఆడడానికే. దాన్ని రికార్డు చేసి నెట్‌లో పెట్టడానికి కాదు.

చానల్ యజమానులు ఇచ్చే ఒప్పంద పత్రం దగ్గర కళాకారులు ఎక్కువగా నష్టపోతారు. హక్కుల బదిలీ రాతపూర్వకంగా, సంతకంతో ఉంటేనే చెల్లుతుంది. ఎంతకాలమో రాయకపోతే 5 ఏళ్లని, ఎక్కడికో రాయకపోతే భారతదేశం వరకేనని చట్టం లెక్క కడుతుంది. తీసుకున్నవారు ఏడాదిలోగా వాడకపోతే, ఒప్పందంలో వేరుగా రాసి ఉంటే తప్ప, ఆ హక్కు తిరిగి వస్తుంది. ‘శాశ్వతంగా, ప్రపంచమంతటా, ఏ రూపంలోనైనా’ అన్న వరుస కనిపిస్తే దాన్ని కొట్టేయించి ఏళ్లు, వేదికలు, వాటా శాతం అంకెల్లో రాయించాలి. పత్రం అందరికీ అర్థమయ్యే భాషలో ఉండాలి, చదవలేనివారికి చదివి వినిపించి ఆ మాట కూడా అందులో రాయాలి. కృష్ణుడికి, దుర్యోధనుడికి, హార్మోనిస్టుకు, తబలా వాయించినవారికి తలా ఒక నకలు ఇవ్వాలి. కుదించని వేవ్ ఫైళ్లు ఎట్టి పరిస్థితుల్లోనూ సమాజం దగ్గరే ఉండాలి. ఒక హార్డ్ డిస్కు ఊళ్లో, ఇంకొకటి పాడేరులోనో విశాఖలోనో నమ్మకమైన వాళ్ల ఇంట్లో పెట్టి, ఏటా ఒకసారి రెండూ తెరిచి మోగుతున్నాయో లేదో చూసుకోవాలి.